నాలుగో వేలు

పదిహేడో ట్రే. కోతమిషన్ మీద కెజియా బొటనవేలు పెట్టింది, పచ్చలైటు వెలిగింది. ఈ షిఫ్టంతా ఆ మిషన్ ఆమె వేలిముద్రకి తప్ప ఇంకెవరి వేలికీ పలకదు.

ట్రేలో పన్నెండు పిల్లలు. పొద్దున్నే గుడ్లు పగలగొట్టుకుని వచ్చాయి, ఒక్కోటీ కాకంత. ఐదేళ్ళకి జిరాఫీ అంత ఎత్తవుతాయి. దివిసీమ పొలాల్లో నాలుగు కాళ్ళమీద తిరుగుతూ అడవిపందుల్ని అమాంతం మింగేస్తాయి. అంతరించిన జాతిని మళ్ళీ పుట్టించి కంపెనీ పెట్టిన పేరు నడకరులు. ఏడు కోట్ల ఏళ్ళ కిందట ఇవి ఆకాశాన్ని ఏలాయని బ్రోషర్లో ఉండదు.

రెక్క మొత్తం నాలుగో వేలు మీదే నిలబడుతుంది. పుట్టిన మూడు గంటల్లో అది కోసేస్తే ఆకాశం సంగతి అయిపోయినట్టే. ఆ తర్వాత కోస్తే నెత్తురాగక పిల్ల చచ్చిపోతుంది, అందుకని మిషన్ తనంతట తనే తాళం వేసుకుంటుంది. కోశాక ఫారం నింపాలి. కారణం దగ్గర ఒకటే ఆప్షన్: 'పుట్టుకతో లోపం'.

రెండేళ్ళుగా నింపుతూనే ఉంది.

సూపర్‌వైజర్ తాతాజీ హడావిడిగా లోపలికొచ్చాడు. "పదకొండింటికి బడిపిల్లలొస్తున్నారు, నువ్వే చెప్పాలి. 'ఇవి పాపం అవిటిగా పుడతాయి, మా కంపెనీ జాలిపడి పెంచుతోంది' అని. కళ్ళల్లో కాస్త తడుంటే బావుంటుంది."

"తడి కంపెనీ ఇస్తుందా అండీ, ఇంటినుంచి తెచ్చుకోవాలా?"

"ఎటకారం తర్వాత. తాళం పడడానికి ఐదు నిమిషాలే ఉంది, కొయ్యి."

కెజియా వేలు తీసేసింది. స్టూలు మీద కూర్చుని చేతులు కట్టుకుంది.

"ఏంటమ్మా ఇది?"

"అవిటిగా పుడతాయన్నారుగా. పుట్టాయి. చూద్దాం."

"ఉద్యోగం పోద్దే!"

"పోనివ్వండి. కోయించేది మీరు, కోసేది నేను. తప్పు గుడ్డుదని కూడా నా నోటితోనే చెప్పించాలా? సిగ్గుండాలండీ!"

తాతాజీ ఆమె మణికట్టు పట్టుకుని మిషన్ వైపు లాగాడు. ఆమె పిడికిలి బిగించింది. గోళ్ళు అరచేతిలో దిగినా, టైమయ్యేదాకా విప్పలేదు. ఎర్రలైటు వెలిగింది. మిషన్ లోపల తాళం పడింది.

"చంపేశావు నన్ను," అంటూ చెయ్యి వదిలేశాడు.

ట్రేలో ఒక పిల్ల ముందుచేతులు రెండూ అడుగుకి ఆనించి వంగింది. ఒక్క తన్ను. లేచింది. ట్యూబులైటుకి తగిలి, తూలి, సర్దుకుని, గది చుట్టూ తిరిగింది. వెనకే ఇంకోటి.

తాతాజీ నోరు తెరుచుకుని చూస్తున్నాడు. ఇక్కడ పదకొండేళ్ళ సర్వీసు ఆయనది.

"ఇవి... ఎగురుతాయా?" అన్నాడు, నెమ్మదిగా.

కెజియాకి ఒళ్ళు మండిపోయింది. వెళ్ళి, సముద్రం వైపు షట్టర్ పైకెత్తింది.