బెల్టు గీత

"నడిపింది నేనే," అన్నాడు కుర్రాడు మూడోసారి.

నుదుటి మీద ప్లాస్టరు, తడిసిన చొక్కా. కిటికీలోంచి చూస్తే అతని కారు ఆసుపత్రి ప్రహరీగోడకి ముక్కు ఆనించి వానలో నానుతోంది. క్యాజువాలిటీ మంచం మీద మెడకి పట్టీతో అతని బామ్మ. కళ్లు గట్టిగా మూసుకుని నిద్ర నటిస్తోంది.

"ఆ సంగతి చెప్పారు. ఆవిడ ఎక్కడ కూర్చున్నారో చెప్పండి," అంది మంచం పక్కన నిలబడ్డ అమ్మాయి.

"మీరు పోలీసా?"

"మెడికల్ కోడర్ని. మేడ మీద కూర్చుని, డాక్టర్లు రాసిన దెబ్బల్ని నంబర్లుగా మారుస్తుంటాను. ఇన్సూరెన్సు క్లెయిముకి అవే ఆధారం. కారు గోడకి గుద్దితే దానికో కోడు. అందులో ఒక అంకె అయిదైతే దెబ్బ డ్రైవరుకి, ఆరైతే ప్యాసింజరుకి. డాక్టరుగారు అది రాయలేదు. అడిగితే 'వాళ్లనే కనుక్కో' అన్నారు."

"అయితే ఆరు వేసుకోండి. బామ్మ ప్యాసింజరు."

ఈ అమ్మాయిని ఇంట్లో 'ఎందుకమ్మ' అంటారు. ఏదీ ఊరికే నమ్మే రకం కాదు.

"సీటు బెల్టు తలుపు వైపు భుజం మీంచి దిగుతుంది కదా. మీ కారుకి స్టీరింగు కుడివైపు. ప్యాసింజరైతే బెల్టు ఎడమ భుజం మీద కమలాలి. మీ బామ్మగారికి కుడి భుజం కమిలింది. మరి మీకు?"

గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు, అతని చెయ్యి తిన్నగా ఎడమ భుజం మీదికి వెళ్లింది. సగం దారిలో గుర్తొచ్చి జుట్టు సవరించుకున్నాడు.

ఆమె పెదవి బిగించి నవ్వాపుకుంది.

"మీ జేబు మీద డ్రైవింగ్ స్కూలు బొమ్మ ఉంది. పాఠాలు చెప్పే మాస్టారు గోడకి గుద్దితే స్కూలువాళ్లు ఊరుకుంటారా?"

"తీసేస్తారు."

"మరి పిలిచి పీట వేసినట్టు ఒప్పుకుంటున్నారెందుకు?"

అతను మంచం వైపు చూసి, ఆమెని నీళ్ల యంత్రం దగ్గరికి రమ్మని సైగ చేశాడు.

"నెమ్మదిగా అనండి. మా నాన్న వస్తున్నాడు. బామ్మకి వచ్చేవారం లైసెన్సు పరీక్ష. లెర్నరు లైసెన్సు ఉంది, నాన్నకే తెలీదు. తెలిస్తే ఇంకెప్పుడూ స్టీరింగు ముట్టనివ్వడు. తాతయ్య ఉన్నన్నాళ్లూ పక్క సీట్లో కూర్చుని దారులు చెప్పింది పాపం. ఇప్పుడు తనే నడుపుతానంటోంది. ఉద్యోగం నేను ఇంకోటి వెతుక్కుంటాను."

గ్లాసులో నీళ్లు నిండి ఆమె వేళ్ల మీంచి కారుతున్నాయి. ఆమె చూసుకోలేదు.

"నేను ఆరు వేయలేనండీ. అబద్ధమవుతుంది."

"తెలుసు."

"తెలిసీ నాకెందుకు చెప్పారు?"

"ఏమో. మీరు అడిగితే చెప్పేయాలనిపిస్తోంది."

ఆమె అప్పుడు గ్లాసు వైపు చూసి నీళ్లు కట్టేసింది.

"ఒక్కటి మాత్రం మింగుడు పడట్లేదు. హ్యాండ్‌బ్రేకు మీ చేతికి అందేంత దూరంలోనే ఉంది. ఎందుకు లాగలేదు?"

అతని చెవులు ఎర్రబడ్డాయి. జవాబు చెప్పే లోపే తలుపు తోసుకుని తండ్రి వచ్చాడు. గొడుగులోంచి నీళ్లు కారుతున్నాయి, కళ్లలోంచి నిప్పులు.

"అమ్మా, ఎలా ఉంది? ఒరేయ్, ఎవర్రా నడిపింది?"

"నేనే నా—"

"నేనురా," అంది బామ్మ కళ్లు తెరిచి. "మనవడి ఉద్యోగం పోగొట్టి లైసెన్సు తెచ్చుకునేంత ఆశ నాకు లేదు. అమ్మాయ్, అయిదే వేసుకో తల్లీ."

తండ్రి కుర్చీలో కూలబడ్డాడు. "నువ్వా? ఈ వయసులో ఇదేం పనమ్మా? ఇవాళ్టి నుంచి తాళాలు నా దగ్గరే."

"ముందు నేను చేసిన తప్పేంటో చెప్పు, అప్పుడు తీసుకో. తను చెప్పేదాకా ఏదీ చేయొద్దని వీడే నేర్పాడు. 'ఎడమకి తిప్పు బామ్మా' అన్నాడు, తిప్పాను. 'ఇక చాలు' అనాలా వద్దా? అనలేదు. నేను తిప్పుతూనే ఉన్నాను. గోడ వచ్చింది."

తండ్రి కొడుకు వైపు తిరిగాడు. "ఏరా, నోరు పడిపోయిందా?"

కొడుకు నేల పలకల్ని పరిశీలిస్తున్నాడు.

"వాడేం చెబుతాడు. అప్పుడే ఒక పిల్ల బస్సు దిగింది. వానలో గొడుగు తిరగబడింది. దాన్ని తిట్టుకుంటూ, మళ్లీ తనే నవ్వుకుంటూ పరిగెత్తింది. వీడి తల ఆ పిల్ల వెంటే తిరిగింది. చెయ్యి బ్రేకు మీదే ఉంది, మనిషే కారులో లేడు."

"బామ్మా, ఇక చాలు," అన్నాడు అతను.

"ఆ మాట అక్కడ అనుంటే బాగుండేది."

కోడరు రాస్తున్న పెన్ను ఆపింది. తండ్రి కోపం, కుర్రాడి అవస్థ ఏవీ ఆమెకి పట్టలేదు. కథ అసలు చోటికొచ్చి ఆగిపోతే ఎలా?

"ఎవరండీ ఆ అమ్మాయి?" అంది ఉండబట్టలేక.

కుర్రాడు రెండు చేతులతో మొహం కప్పుకున్నాడు.

బామ్మ మెడ తిప్పలేక, మనిషి మొత్తంగా ఆమె వైపు తిరిగి, పైనుంచి కిందదాకా తీరిగ్గా చూసి చెప్పింది:

"నువ్వే తల్లీ."