ఇది గుడి కాదు

కోమలి మొదటిసారి చూసినప్పుడు జయరామ్ విరిగిన ఇటుకల కుప్ప మీద కూర్చుని ఉన్నాడు. పిల్లను చూడడానికొచ్చిన పెద్దమనిషిలా ఒక్కో ఇటుకనూ అటూ ఇటూ తిప్పి, కొన్నిటికి తల ఊపుతున్నాడు, కొన్నిటికి పెదవి విరుస్తున్నాడు.

"ఏమండీ, అవి రిజెక్టు ఇటుకలు. మంచివి ఆ పక్క ఉండాయి," అంది కోమలి.

"మంచివి నాకొద్దండీ. అంచులు విరిగినవే కావాల."

కోమలి సివిల్ ఇంజనీరింగ్ చదివి, చిత్తూరు రోడ్డులో వాళ్ళ నాయన పెట్టిన సిమెంటు ఇటుకల యూనిట్ చూసుకుంటోంది. బేరమాడేవాళ్ళను చూసింది, అరువడిగేవాళ్ళను చూసింది. మంచి సరుకు వద్దని మొహం మీద చెప్పినవాణ్ణి ఇంతవరకు చూడలేదు.

"దేనికో?"

"ఇల్లు కట్టుకుంటా ఉండాను."

"ఇల్లా, కోళ్ళగూడా?"

జయరామ్ నొచ్చుకోలేదు. ఫోన్ తీసి ఒక ఆట చూపించాడు. అందులో మనిషి తల చదరం, చెట్టు చదరం, ఆవు చదరం. సూర్యుడు కూడా ఉదయాన్నే చదరంగా లేచి, సాయంత్రం చదరంగానే మునుగుతున్నాడు. మధ్యలో ఒక బుల్లి ఇల్లు. పైకప్పు మెట్లు మెట్లుగా సన్నబడుతూ పోయింది, నాలుగు మూలలా దీపాలు, నెత్తిన ఒక బంగారు పెట్టె.

"ఎనిమిదో తరగతి నించి ఈ ఆటలో ఇళ్ళు కడతా ఉండాను. నిజంగా ఒకటి కట్టల్లని ఆశ. మూలలు గరుగ్గా ఉంటేనే ఆటలో మాదిరి వస్తాది. కొత్త ఇటుకలతో కడితే బస్టాండు బాత్రూమ్ అనుకుంటారు."

"స్థలమెంత?"

"నాలుగంకణాలు."

అంటే పన్నెండడుగుల పొడవు, పన్నెండడుగుల వెడల్పు. చంద్రగిరికి ఇవతల వాళ్ళ తాత స్థలం ఉండేది. రోడ్డు వెడల్పు చేసినప్పుడు అందులో చాలా మటుకు లారీల కిందికి పోగా, జయరామ్‌కు మిగిలింది ఇదీ.

"మా వంటిల్లు అంతకంటే పెద్దది," అంది కోమలి.

"అయితే మీ వంటింటిని తలుచుకుని సంతోషంగా ఉండండి. ఇటుకలిస్తారా, లేదా?"

ఇచ్చింది. ఇచ్చి ఊరుకుంటే ఈ కథ ఇక్కడే అయిపోయేది. కానీ రిజెక్టు ఇటుకల గోడ కూలితే యూనిట్ పేరు పోతుందని కోమలికి బెంగ పట్టుకుంది. అందుకని వచ్చి చూసింది. గోడ గట్టిగానే ఉంది. అయినా బెంగ తగ్గలేదు. మర్నాడు మళ్ళీ వచ్చింది.

జయరామ్‌కు రేణిగుంటలో గోడౌన్ ఉద్యోగం. ఇంటికి పెట్టుకున్న బడ్జెట్ ఎంతంటే, ఒక మోస్తరు పెళ్ళిలో ఐస్‌క్రీమ్ కౌంటర్‌కు అయ్యేంత. అందుకే తలుపు పాతసామాను కొట్లో తెచ్చాడు. చవగ్గా దొరికింది, కాబట్టి పొట్టిగా ఉంది. ఆటలోనూ తలుపు పొట్టిదే గనక తన ప్లాన్ ప్రకారమే జరిగిందని చెప్పుకున్నాడు. లోపలికి వెళ్ళేవాళ్ళెవరైనా సరే, నడుము వంచాల్సిందే.

ఒక సాయంత్రం వాన పట్టుకుంది. కప్పు ఇంకా సగమే పడింది. ఇద్దరూ ఆ సగం కిందే నిలబడ్డారు. వాన మాత్రం తీరిగ్గా, అత్తారింటికొచ్చిన కొత్తల్లుడిలా కదలకుండా కూర్చుంది.

"గొడుగు తెచ్చుకోలేదా?" అన్నాడు జయరామ్.

"తెచ్చినాను. స్కూటీలో ఉండాది."

"పోయి తీసుకురానా?"

"వద్దు."

"ఎందుకు?"

"గొడుగుంటే ఇంటికి పోవాల కదా."

జయరామ్ ఆ మాట మీద కాసేపు ఆలోచించాడు. అర్థమయ్యేసరికి చెవులు ఎర్రబడ్డాయి. కోమలి ఎంతో శ్రద్ధగా కప్పు వైపు చూసి, "ఆ మూల కారతా ఉండాది," అంది. కారేది ఏ మూలో అతనికి కనబడలేదు.

ఇక మిగిలింది కోమలి నాయన.

మునికృష్ణ మెడ వంచని మనిషని చిత్తూరు మార్కెట్టంతా చెప్పుకుంటారు. సన్మానంలో దండ వేయాలంటే ఎదుటివాడు స్టూలెక్కాల్సిందే. అలాంటి మనిషి ముందు జయరామ్ ఇస్త్రీ చొక్కా వేసుకుని నిలబడ్డాడు.

"సొంతిల్లు ఉండాదా?"

"కడతా ఉండాను సార్."

"హాలెంత?"

"ఒకే గది సార్. అదే హాలు."

"పడగ్గది?"

"అదే. సాయంత్రం తర్వాత."

"మరి వంటిల్లు?"

"అదే సార్. ఒక పక్కకు తిరిగితే."

మునికృష్ణ కూతురి వైపు చూశాడు. కోమలి గోడ మీది క్యాలెండర్ చదువుతోంది.

"ఇదిగో అబ్బాయ్. పెరటాసి నెల రెండో శనివారం పొద్దున పదింటికి వస్తాను, సూస్తాను. అది ఇల్లు మాదిరి ఉంటే మాట్లాడుకుందాం. లేదంటే నాయుడుపేట సంబంధం ఖాయం చేసేస్తాను. వాళ్ళకు మూడంతస్తుల మేడ ఉండాది. మళ్ళీ ఈ మాట ఎత్తకూడదు, ఇద్దరూ."

క్యాలెండర్ చదువుతున్న కోమలి తల ఊపింది. జయరామ్ వేళ్ళ మీద వారాలు లెక్కపెట్టుకున్నాడు.

పని వేగం పుంజుకుంది. గోడలకు ఆటలో మాదిరి పచ్చ రంగు వేద్దామన్నాడు జయరామ్. రంగు తెచ్చే పని కోమలి తీసుకుంది. ఎరుపు డబ్బాలు, తెలుపు డబ్బాలు తెచ్చింది.

"పచ్చ ఏదీ?"

"ఇవి సగం ధరకు దొరికినాయి. బడ్జెట్టు కదా నీది."

"ఆటలో పచ్చ కదా కోమలీ."

"ఆటలో మా నాయన లేడు కదా."

బడ్జెట్ మాట వినగానే నోరు మూసుకునే అలవాటు అతనికి అప్పటికే వచ్చింది. మంచి మొగుడి లక్షణాలు ముందే కనిపిస్తాయి. కింది నుంచి పైదాకా ఒక ఎర్ర పట్టీ, ఒక తెల్ల పట్టీ వేశారు. నాలుగు మూలల గూళ్ళలో సోలార్ దీపాలు పెట్టారు. నెత్తిన బంగారు పెట్టెకు బదులు, కోమలి ఎక్కడినుంచో ఒక పాత ఇత్తడి బిందె తెచ్చి, చింతపండుతో తోమి, బోర్లించింది. ఎండలో ధగధగా మెరిసింది.

జయరామ్ రోడ్డవతల నిలబడి చూసుకుని మురిసిపోయాడు. అచ్చం ఆటలో ఇల్లే. ఇంకో దానిలా కూడా ఉందని అతనికి తోచలేదు. ఆశ పడి కట్టుకున్నవాడికి తోచదు.

వెంకన్నకు ఇష్టమని తమిళులు మొక్కే పెరటాసి నెల మొదటి శనివారం తెల్లవారేసరికి తోచింది. తలుపు తీస్తే గడపకు పసుపు, కుంకుమ. ముందర వెలుగుతున్న కర్పూరం. తమిళ దేశం నుంచి తిరుమల కొండకు నడిచిపోయే భక్తులు పసుపు గుడ్డల్లో వరసగా నిలబడి "గోవిందా!" అన్నారు. పక్కన పూలబుట్టతో ఒక ముసలమ్మ అప్పుడే గోనెపట్టా పరుచుకుంటోంది. పేరు ఆదిలక్ష్మమ్మ.

"హారతి ఎన్నింటికి సామీ?" అనడిగింది.

"ఇది గుడి కాదవ్వా! నా ఇల్లు!"

"అట్లనే అంటారు పూజార్లు. కొంచెం పక్కకు జరుగు నాయనా, జనానికి కనబడల్ల."

ఆ రోజే జయరామ్ "ఇది గుడి కాదు" అని పెద్ద బోర్డు రాసి పెట్టాడు. నడిచొచ్చేవాళ్ళలో చాలామందికి తెలుగు రాదు. మధ్యాహ్నానికి బోర్డుకు మూడు బొట్లు, ఒక చామంతి దండ పడ్డాయి.

కోమలికి ఫోన్ చేశాడు. "మీ నాయన వచ్చేసరికి ఈడ ఇల్లు కనబడదు! జనమే కనబడతారు! నాయుడుపేటకు పంపించేస్తాడు నిన్ను! గోడలకు సున్నం కొట్టేస్తాను."

"కొట్టొద్దు."

"ఎందుకు?"

"బడ్జెట్టు."

ఆ వారమంతా అతను భక్తులు గడపలో కొట్టిపోయిన కొబ్బరితో పచ్చడే తిన్నాడు.

రెండో శనివారం సన్నగా చినుకు పడుతోంది. పదింటికి వస్తానన్న మునికృష్ణ ఏడింటికే బస్సు దిగాడు. చెప్పిన టైముకు వెళితే మనుషులు సర్దుకుని కూర్చుంటారని ఆయన నమ్మకం. అటు చూశాడు, ఇటు చూశాడు. ఇల్లేమీ కనబడలేదు. ఒక చిన్న గుడి, దాని ముందర జనం.

"ఈడ జయరామ్ ఇల్లు యాడ ఉండాదమ్మా?" అని ఆదిలక్ష్మమ్మను అడిగాడు.

"ఏ జయరామో నాకు తెలీదప్పా. ముందు సామిని సూసుకో. కొత్తగా వెలిసినాడు. పెళ్ళిళ్ళు బాగా కుదురుస్తాడంట."

ఆ మాట మునికృష్ణకు ఎక్కడో తగిలింది. వారం రోజులుగా ఇంట్లో కూతురు గొడవ పడలేదు, ఏడవలేదు. అడిగినదానికి మాత్రం "సరే నాయనా" అంటోంది. ఆయనకు నిద్ర పట్టనిది అందుకే. చెప్పులు విప్పాడు. కర్పూరం కొని వెలిగించాడు. వాకిలి పొట్టిది కాబట్టి, మార్కెట్టులో ఎవరూ చూడని విధంగా మెడ వంచాడు.

"సామీ, ఆ పిల్లోడికి ఒకే గది ఉండాది. నాయుడుపేటోళ్ళకు మూడంతస్తులు. కానీ నా బిడ్డ మొహంలో నవ్వు లేదు. ఏం చేయాల్నో నాకు తెలీలేదు. నువ్వే ఏదో ఒక గుర్తు చూపించు. చూపిస్తే ఇంక మారుమాట్లాడను."

లోపల జయరామ్ లుంగీ కట్టుకుని, నోట్లో బ్రష్‌తో బిగుసుకుపోయి ఉన్నాడు. ఆ గోడల్లోంచి ప్రతి మాటా వినిపించింది. బయటికి వెళ్ళకూడదని అతనికి తెలుసు. కానీ కుళాయి బయటుంది, నోట్లో నురుగు ఎక్కువసేపు ఆగదు.

తలుపు తెరుచుకుంది.

"గోవిందా! గోవింద!" అన్నారు జనం.

మునికృష్ణ వంచిన మెడ వంచినట్టే ఉంచి, కళ్ళు మాత్రం పైకెత్తాడు. "నువ్వా?"

జయరామ్ నురుగు మింగేశాడు. "నేనే మామా."

మామా అన్నది నోరు జారింది. వెనక్కి తీసుకునే ధైర్యం లేదు.

"సామి యాడ?"

"సామి లేడు. ఇది... నా ఇల్లు."

అప్పుడే కోమలి స్కూటీ ఆగింది. మునికృష్ణ నిలబడి, ఎర్ర పట్టీలూ తెల్ల పట్టీలూ, గూళ్ళూ చూస్తూ పైదాకా వెళ్ళి, నెత్తిన మెరుస్తున్నదాని దగ్గర ఆగిపోయాడు. దాని నడుముకు ఒక సొట్ట ఉంది.

"ఆ బిందె మనదే కదామ్మా? మీ యమ్మ నెల నించి వెతుకుతా ఉండాది!"

కోమలి వాన ఎంత ఉందో చెయ్యి చాపి చూసుకుంది.

"నాయనా, నువ్వు గుడి అనుకుని మొక్కినావు. ఇది గుడి కాదు. అది లెక్కలోకి రాదులే. నాయుడుపేట వాళ్ళకు ఫోన్ చేసెయ్," అంది.

"ఏందిమే లెక్కలోకి రాకపోయేది?" మునికృష్ణకు రోషం వచ్చింది. "గుడి అయినా కాకపోయినా, మొక్కిన నోరు నాది! అడిగినాను, తలుపు తెరుచుకునింది. మునికృష్ణ మాట తప్పినాడని ఈ జనమంతా కొండ దాకా చెప్పుకుంటా పోవాల్నా?"

జనానికి విషయం తెలియదు. అయినా మళ్ళీ గోవిందా అన్నారు. ఆదిలక్ష్మమ్మ మాత్రం బుట్టలోంచి రెండు దండలు తీసి పక్కన పెట్టింది. వ్యాపారం తెలిసిన మనిషి.

మునికృష్ణ రెండోసారి మెడ వంచి లోపలికొచ్చాడు. ముగ్గురూ కూర్చుంటే మోకాళ్ళు తగిలాయి. కూర్చున్నచోటి నుంచి లేవకుండానే కోమలి స్టవ్ వెలిగించి, పాలు పెట్టి, కాఫీ కలిపి అందించింది. ఆయన గ్లాసు పట్టుకుని నాలుగు గోడలూ చూశాడు. గోడను ఒకసారి చేత్తో తట్టాడు.

"నా ఇటుకలే. గట్టిగానే ఉండాయి," అన్నాడు. గ్లాసు ఖాళీ చేసి, "వానాకాలం పోయినాక ముహూర్తం చూపిస్తాను. ఆ లోగా బిందె మాత్రం ఇంటికి పంపించండి. మీ యమ్మకు నేను చెప్పలేను," అంటూ బయటికి నడిచాడు. మెడ నిటారుగా పెట్టుకునే నడిచాడు గనక, వాకిట్లో తల ఠప్పుమని తగిలింది. ఆదిలక్ష్మమ్మ అది కూడా సామి మహిమే అంది.

ఇద్దరే మిగిలాక జయరామ్ కోమలి వైపు తిరిగాడు.

"ఒక మాట అడగనా? ఆ రోజు అంగట్లో పచ్చ రంగు నిజంగానే లేదా?"

కోమలి కాఫీ చివరి గుక్క తాగి, గ్లాసు కింద పెట్టింది.

"నేను అడగలేదు," అంది.