పదకొండు గృహప్రవేశాలు, ఒక ఎపిసోడ్

"‘ఆరో వార్డు’ తొమ్మిదో భాగం కావాలె."

కౌంటర్ మీద రెండు చేతులూ ఆనించి అడిగింది సుమిత్ర. అది 1988 జూన్. దిల్‌సుఖ్‌నగర్‌లో నా వీడియో లైబ్రరీ. టీవీలో ఆ ఆస్పత్రి సీరియల్ అయిపోయి రెండేళ్ళు.

"వారం వారం రికార్డు చేశానండీ. కానీ..." నీళ్ళు నమిలాను.

"కానీ ఏంది?"

ఏం చెప్పను? ఎల్‌బీ నగర్ దాకా కాలనీల మీద కాలనీలు లేస్తున్నాయి. ముహూర్తం ఉంటే చాలు, నాకు గృహప్రవేశం వీడియోలే. కొత్త క్యాసెట్లు అందక, ఆ సీరియల్ క్యాసెట్ల మీదే తీసి ఇచ్చేశాను. చివరికి అదే చెప్పాను.

"దవాఖాన మీద పాలు పొంగిచ్చినవా? జర సిగ్గుండాలె!"

సిగ్గేసింది. అయినా ఆ కోపం భలే నచ్చింది, అబద్ధమెందుకు?

ఆమెకు నర్సు ట్రైనింగులో సీటొచ్చింది. సోమవారంలోపు తండ్రి అంతయ్య సంతకం పెట్టాలి. గడ్డిఅన్నారం పండ్ల మార్కెట్లో లారీల సరుకు దింపించే ఆయనేమో, "పరాయోళ్ళ ఒళ్ళు తుడిచే పని మనింట్ల వద్దు" అని భీష్మించాడు. తొమ్మిదో భాగం చూపిస్తే మారతాడని ఈమె పట్టుదల.

"వేడుక చిన్నదైతే క్యాసెట్టు చివర పాతది మిగిలే ఉంటుందండీ. ఎవరికేది ఇచ్చానో గుర్తులేదు."

"అయితే నడువు. ఇల్లిల్లు తిరుగుదాం."

నాలుగు రోజులు తిరిగాం. ఫార్వర్డ్ చేయబోతే ఇంటివాళ్ళు ఊరుకోరు. "ఆగు, ఇప్పుడు మా వదిన కనబడుతది!" ప్రతి ఇంట్లో తెర మీద గడప దాటనని ఆవు మొరాయింపు, మాకు ఉప్మా. వానొస్తే ఇద్దరికీ ఒకే గొడుగు. ఆరో ఇంట్లో ఓ పెద్దావిడ, "మరి మీ గృహప్రవేశం ఎప్పుడు?" అనేసింది. సుమిత్ర తల ఉప్మా ప్లేటులోకి దిగిపోయింది. ఆ భాగం ఇప్పట్లో దొరక్కపోతే బావుండుననిపించింది నాకు. అంతలోనే సోమవారం గుర్తొచ్చి నన్ను నేనే తిట్టుకున్నాను.

ఆదివారం కర్మన్‌ఘాట్‌లో ముత్తమ్మగారిది పదకొండో ఇల్లు. వీడియోలో వ్రతం అయిపోయింది, తెర గిలగిల్లాడింది, తెల్ల టోపీ నర్సు కనబడింది.

"గిదే! ఆపు! నాయినను తోల్కొస్తా!"

అంతయ్య భుజాన తువ్వాలుతో వచ్చి కూర్చున్నాడు. క్యాసెట్టు వేశాను. రెండు నిమిషాలకే భాగం ముగిసి పేర్లు పడిపోయాయి. అసలు సన్నివేశం ముత్తమ్మగారి వ్రతం కింద చెరిగిపోయింది.

సుమిత్ర లేచి నిలబడింది.

"నేను చెప్త విను నాయినా. గా ముసలాయనకు ఎవ్వరు లేరు. కక్కుకున్నడు, పక్క ఖరాబు చేసుకున్నడు. నర్సు ఒక్కతే అంత కడిగింది. పొద్దుగాల కండ్లు తెరిసి ఆమెను ‘అమ్మా’ అన్నడు. గంతే."

"నువ్వు గట్ల కడుగుతవా, బిడ్డా?"

"కడుగుత."

"నలుగురు నాలుగు మాటలంటరు."

"అననీ. వాళ్ళు మంచాన పడితే వాళ్ళను గుడ కడుగుత."

అంతయ్య తువ్వాలుతో కళ్ళు తుడుచుకున్నాడు. "కాగితం తే."

సంతకం అయ్యాక వాకిట్లోకి వచ్చాం. చినుకులు మొదలయ్యాయి.

"మూడేండ్ల ట్రైనింగు. ఆగుతవా?" సూటిగా అడిగింది.

"మీ నాన్నగారు..."

"నాయినతోని నేను మాట్లాడుత. నీ మాట నువ్వు చెప్పు."

"ఆగుతాను సుమిత్రా. నువ్వంటే నాకు ప్రాణం."

లోపల్నుంచి అంతయ్య గొంతు వినబడింది. "వానల ఎందుకు నిలబడ్డరు? ఇద్దరు లోపలికి రాండ్రి!"