బండలో నడిచే మనిషి

బేతంచెర్ల దాటాక నాపరాళ్ళ గనుల పక్కన ఒక రేకుల షెడ్డు ఉంది. జ్ఞానరాజు బతుకంతా అందులోనే గడిచింది. నల్లబండ మీద తెల్లగీతలు గీసి, దాని ముందర సన్నటి ఇనుప ఊచలు వేలాడదీసేవాడు. మనం నడుస్తూ చూస్తే ఊచలూ గీతలూ ఒకదానికొకటి అడ్డొచ్చి, బండలోని బొమ్మ కూడా నడిచేది. సీమలో బొమ్మకు నడక నేర్పిన మొదటివాడు ఆయనే. "రాళ్ళకు నామాలు పెడతాండాడప్పా" అని ఊరంతా నవ్వింది. నవ్విన నాపచేనే పండింది. పరదేశాల వాళ్ళు కార్లేసుకుని వచ్చి, ఆ బండల ముందు అటూ ఇటూ నడిచి నోరు వెళ్ళబెట్టేవాళ్ళు.

ఈ వేసవి మొదట్లో ఆయన తన ఆఖరి బండ ముందే కుప్పకూలి ప్రాణం విడిచాడు. దాన్ని ఇవాళ హైదరాబాదు ప్రదర్శనకు తీసుకుపోతారు. లారీ డ్రైవరు మద్దిలేటి ఉగ్గాని తినొస్తానని వెళ్ళాడు. జ్ఞానరాజు భార్య వరమ్మకు కావలసిందీ అదే. బండ చేయి దాటిపోయే ముందు ఒక్కసారి ఒంటరిగా చూసుకోవాలి. అందులో ఆయన తననే గీసుకున్నాడు మరి, వీపు తిప్పి నడిచే మనిషిగా. బండలో ఆ మనిషి మొహం ఎవరూ చూడలేదు.

మిట్టమధ్యాహ్నం. ఎండకు రేకులు టిక్కుటిక్కుమంటున్నాయి. లోపల టర్పెంటైను వాసన, రాతిపొడి వాసన. బయట ఆకు కూడా కదలడం లేదు.

వరమ్మ బండ మీది గోనెపట్టా లాగేసి నాలుగడుగులు వేసింది. బండలో మనిషీ వేశాడు. ఆమె ఆగింది. అతనూ ఆగాడు. "బొమ్మ కదలదు వరా, కదిలేది మనమే" అనేవాడు ఆయన. ఆమెకు ఏడుపు ముంచుకొచ్చింది.

"వరా..."

గుసగుస. ఊచల వెనక నుంచి.

మధ్యాహ్నం పూట ఎవరు పిలిచినా మూడో పిలుపు దాకా పలకగూడదని చిన్నప్పుడే అమ్మ చెప్పింది. తెలియక కాదు. ఆ గొంతు కోసమే కదా ఇన్నాళ్ళూ పడి ఏడ్చింది!

"ఆఁ... ఈడనే ఉండా."

ఊచలు కదిలాయి. గాలి లేదు. వరమ్మ నిలబడే ఉంది... బండలో మనిషి ఇటు తిరుగుతున్నాడు. భుజం... చెవి... చెంప...

మొహం ఉండాల్సిన చోట ఉత్త గీతలు.

"ఇంక నువ్వు నడువు వరా... నేను సూస్తా."

పైప్రాణాలు పైనే పోయాయి. వాకిలి వైపు పరుగు తీసింది. పరిగెత్తింది... వాకిలి దగ్గరపడలేదు. ఇంకా పరిగెత్తింది. కాళ్ళ కింద నేల చల్లగా, నున్నగా తగిలింది.

వాకిట్లో మద్దిలేటి కనిపించాడు. "మద్దిలేటీ!" అని అరిచింది. అరుపు గొంతు దాటలేదు.

అతను లోపలికొచ్చి, సరిగ్గా ఆమె మొహం ముందు నిలబడ్డాడు. తల అటు ఊపాడు. ఇటు ఊపాడు. వరమ్మ కాళ్ళు ఒకసారి ముందుకు, ఒకసారి వెనక్కి పడ్డాయి.

"అబ్బ! వరమ్మక్కను గూడా గీసినాడే సారు. పరిగెత్తుతాండాది సూడప్పా!" అన్నాడు, తన పక్కన వీపు తిప్పి నిలబడ్డ మనిషితో. బండ ఎత్తడానికొచ్చిన కూలీ అనుకున్నాడు కాబోలు. "అవునూ, అక్క యాడికి పోయిండాది?"

ఆ మనిషి తిరగలేదు.

మద్దిలేటి తల ఊపడం ఆపాడు. వరమ్మ కాళ్ళు ఆగిపోయాయి.