గరిటె పెట్టొద్దు

మొదటి తూటా జకరయ్యగారి కళ్ళజోడు పగలగొట్టింది. రెండోది గుండెలో దిగింది. కోవూరులోని ఆ చిన్న అచ్చాఫీసులో సీసపు అక్షరాల మీద నెత్తురు పారింది. హంతకుడు బల్ల మీదున్న రాతప్రతి లాక్కుని, వాకిట్లో ఆగి ఉన్న కారెక్కి మాయమయ్యాడు. 1964 జూలై, పట్టపగలు పదకొండు గంటలు.

మూడు రోజుల తర్వాత నెల్లూరులో సీక్రెట్ సర్వీస్ చీఫ్ విజయభాస్కర్, ఏజెంట్ సమాధానం ముందు ఫైలు పడేశాడు.

"జకరయ్య 'కాలపాక పరిశోధన' అనే పత్రిక నడిపేవాడు. తింటే కాలాన్ని అటూ ఇటూ జరిపే వంటల మీద శాస్త్రీయ వ్యాసాలు. చందాదారులు పదమూడు మంది."

"అంతేనా సార్?"

"అందులో తొమ్మిది విదేశీ ఎంబసీలు. ఎత్తుకుపోయిన వ్యాసం నెల్లూరు చేపల పులుసు మీద. ఒక్క ముద్ద తింటే గడియ వెనక్కి వెళ్తారట. అంటే ఇరవై నాలుగు నిమిషాలు. గురి తప్పిన ప్రతి తూటానీ మళ్ళీ కాల్చుకోవచ్చు. విదేశీ గూఢచారి వాన్ రూకర్ ముఠా దాన్ని వండుకుందంటే ఇక వాళ్ళను ఆపే మొనగాడు ఉండడు. రాసినావిడ కూడా మాయమైంది."

సమాధానం చప్పున లేచి నిలబడ్డాడు. రాసినావిడ రెబెక్కమ్మ, అతని సొంత అక్క. తల్లి పోయాక వేలెడంత వాణ్ణి చంకనేసుకుని పెంచింది.

"జకరయ్య చేతిలో ఈ అక్షరాలు దొరికాయి. మద్రాసులో మన కోడ్ నిపుణులు తలలు బద్దలు కొట్టుకుంటున్నారు." చీఫ్ చీటీ చూపించాడు. ఆయన చివరగా కూర్చిన అక్షరాలకు సిరా పూసి తీసిన అచ్చు అది. రెండే మాటలు: గరిటె పెట్టొద్దు.

సమాధానానికి నవ్వూ ఏడుపూ ఒక్కసారే వచ్చాయి. "కోడ్ కాదు సార్. తప్పొప్పుల పట్టిక! చేపల పులుసులో గరిటె పెడితే ముక్క చెదిరిపోతుంది. చట్టిని గుడ్డతో పట్టుకుని తిప్పాలి. ఆ మాట రాయమని ఆయన, రాయనని అక్క, నెల్లాళ్ళుగా ఒకటే గొడవ. 'అది రాస్తే నెల్లూరంతా నన్ను చూసి నవ్వుద్ది' అనేది. చివరికి ఆయనే కూర్చుకున్నాడన్నమాట."

"అయితే దొంగల దగ్గరున్న ప్రతిలో ఇది లేదు. గరిటె పెడితే ఏమవుతుంది?"

"ముక్క చెదిరితే కాలం చెదురుద్దని అక్క అంటుంది. తిని చూసినవాళ్ళు ఎవరూ లేరు సార్."

బయట జీపు దగ్గర మద్రాసు నుంచి వచ్చిన ఏజెంట్ జయశీల నిలబడి ఉంది. నల్లకళ్ళద్దాలు, నైలాన్ చీర, హ్యాండ్‌బ్యాగ్‌లో బుల్లి పిస్టల్. "నేనూ కోవూరు పిల్లనే," అంది నవ్వుతూ. "మీ అక్కగారు కృష్ణపట్నంలో ఉప్పు గోడౌన్లో ఉన్నారు. పదండి." సమాధానం ఉప్పు ఇన్‌స్పెక్టర్ వేషం వేసుకుని జీపెక్కాడు. అందమైన ఆడపిల్ల మీ ఊరిదాన్నే అంటే ఏ మగాడు సాక్ష్యం అడుగుతాడు చెప్పండి!

గోడౌన్ తలుపు దగ్గర కాపలావాడు అడ్డొచ్చాడు. "పులుపెంత?"

"కళ్ళు మూతపడేంత," అంది జయశీల.

కోడ్ ఈమెకెలా తెలుసు అని సమాధానం అనుకునేలోపే పిస్టల్ అతని వెన్నుకు తగిలింది. అతను జేబులోని ఫౌంటెన్ పెన్ను నొక్కాడు. పెన్నులోని తూటా కాపలావాడి గొంతు చీల్చింది. లోపలినుంచి ఇంకొకడు గునపంతో పక్కటెముకల మీద కొట్టాడు. రెండు విరిగాయి.

లోపల రెబెక్కమ్మను స్తంభానికి కట్టేశారు. పెదవి చిట్లి ఉంది. పక్కనే పొయ్యి మీద మట్టిచట్టిలో పులుసు తెర్లుతోంది. పొయ్యి దగ్గర నిలబడ్డ వాన్ రూకర్‌కి ఒక చెవి లేదు, ఒళ్ళంతా మచ్చలు.

"హాంబర్గులో కత్తి. సింగపూర్‌లో మూడు తూటాలు. చావలేదు నేను," అన్నాడు వచ్చీరాని తెలుగులో. సమాధానం చిటికెనవేలు పట్టుకుని వెనక్కి విరిచాడు. "వ్యాసం పూర్తిగా ఉందా? ఏమైనా దాచావా?"

"నేను రాసిందంతా దాంట్లోనే ఉండాదయ్యా! ఒక్క అక్షరం దాచలా. ప్రభువు సాక్షి! నా తమ్ముణ్ణి వదలండి!"

రెండో వేలు విరిగింది. ఆమె అదే మాట అంది. అబద్ధమైతే కదా మార్చడానికి!

వాన్ రూకర్ తల ఊపాడు. జయశీల బారెడు ఇత్తడి గరిటె తీసింది. సమాధానం ఊపిరి బిగబట్టాడు. రెబెక్కమ్మ మొహం మాత్రం పాలిపోయింది. ముప్ఫై ఏళ్ళుగా పులుసు కాచిన మనిషి, ప్రాణం మీదికొచ్చినా నోరు ఊరుకుంటుందా?

"అయ్యయ్యో, గరి—"

"చంపండిరా నన్ను!" అని సమాధానం పొలికేక పెట్టి గునపంవాడి కడుపులో తలతో గుద్దాడు. గునపం భుజమ్మీద పడింది. ఎముక ఫట్‌మంది. రెబెక్కమ్మకు అర్థమై నోరు మూసుకుంది. కళ్ళు మాత్రం కారుతూనే ఉన్నాయి. గరిటె గిర్రున తిరిగింది. కొరమీను ముక్కలు తునకలయ్యాయి.

వాన్ రూకర్ ఒక ముద్ద నోట్లో వేసుకుని రెబెక్కమ్మ కణతకు పిస్టల్ ఆనించాడు. "ప్రయోగం. ఈమెను కాలుస్తాను. వెనక్కి వెళ్ళి మళ్ళీ కాలుస్తాను."

ట్రిగ్గర్ మీద వేలు బిగిసింది. అదే క్షణంలో అతని చెవిచోటు నుంచి నెత్తురు చిమ్మింది. హాంబర్గు కత్తిపోటు తెరుచుకుంది. సింగపూర్ తూటాలు మూడూ ఒక్కసారే మళ్ళీ దిగాయి. జన్మలో తిన్న దెబ్బలన్నీ ఒకే క్షణంలో మీద పడ్డాయి. పిస్టల్ పైకప్పు వైపు పేలింది. అతను పడక ముందే పోయాడు.

జయశీల పిస్టల్ ఎత్తింది. రెబెక్కమ్మ కాలితో చట్టిని ఒక్క తన్ను తన్నింది. సలసల కాగే పులుసు మీద పడి జయశీల కెవ్వుమంది. ఆమె చేతిలోంచి జారిన పిస్టల్‌ని సమాధానం ఎడమచేత్తో అందుకుని గునపంవాణ్ణి కాల్చేశాడు. జయశీలకు బేడీలు వేశాక అక్క కట్లు విప్పాడు.

"ఏరా, కోవూరు పిల్లనంటే నమ్మేసినావా? పులుసులో గరిటె పెట్టే ఆడది కోవూరులో ఉంటాదంట్రా?" అని తిట్టి, అంతలోనే బావురుమంది. "జకరయ్యగారిని వెనక్కి తేలేమా?"

"గడియే కదక్కా. మూడు రోజులైపోయె."

"రాయమని ఎంత బతిమాలినాడో. చెవిన పెట్టకపోతిని."

"పెట్టుంటే ఈపాటికి నువ్వుండవు."

ఆమె కొంగుతో తమ్ముడి మొహం మీది నెత్తురు తుడిచింది.

జకరయ్యగారి పత్రికలో ఆ పులుసు వ్యాసం ఇక రాలేదు. సమాధానం రిపోర్టులో 'శత్రువు మరణానికి వాడిన ఆయుధం: గరిటె' అని రాసి మద్రాసుకు పంపాడు. వారం తిరక్కుండా హెడ్డాఫీసు నుంచి ఎర్రసిరాతో ప్రశ్న వచ్చింది: "కాలిబర్ ఎంత?"

దానికి సమాధానం ఇంతవరకూ సమాధానం రాయలేదు.