నోరు విప్పని డిఫెండర్

"కనీసం పెదాలైనా కదపొచ్చుగా మహానుభావా," అంది సెలూన్ ఆయన కూతురు, తడిసిన గొడుగు అతని బూట్ల మీదే దులుపుతూ. "టీవీలో ఊరంతా చూస్తుంటే ఆ మూతి బిగింపేమిటి?"

"కదిపితే పాట బయటికొచ్చేస్తుంది," అన్నాడు గోడ.

జాతీయ ఫుట్‌బాల్ జట్టులో డిఫెండర్. బంతిని దాటనివ్వడు గనక అందరూ గోడ అనే పిలుస్తారు. అమ్మానాన్నలు వేరే దేశం నుంచి వచ్చారు, అతను ఇక్కడే పుట్టాడు. మ్యాచ్ ముందు జట్టంతా జాతీయగీతం పాడుతుంటే అతనొక్కడే నోరు మూసుకుని నిలబడతాడు. గెలిచినన్నాళ్లూ అది ఎవరికీ కనబడలేదు. నిన్న ఓడిపోయారు.

పొద్దున్నుంచీ సెలూన్‌లో అదే గొడవ. "వాడికి ఈ దేశమంటే ప్రేముంటేగా" అన్నవాళ్లంతా ఎక్కణ్ణుంచో వచ్చి ఇక్కడ ఓడ దిగినవాళ్ల మనవలే. ఆమె నాన్నయితే స్వయంగా కత్తెర, దువ్వెన పట్టుకుని వచ్చినవాడు. "దేశాన్నే తనదనుకోనివాడు నిన్నేం తనదనుకుంటాడే?" అని పెళ్లి మాట తోసిపారేశాడు.

"లోపలికి పద. నాతో చెప్పింది ఆయనతో చెప్పు."

"సిగ్గు."

"స్టేడియం నిండా తిట్లు తినడానికి లేని సిగ్గు, మా నాన్న దగ్గరా?"

అతను వెళ్లి కుర్చీలో కూర్చున్నాడు. ఆమె వెనకే వచ్చి గుమ్మం దగ్గర నిలబడింది. నాన్న అతని మెడకు గుడ్డ కట్టి, నురగ పూసి, కత్తి గొంతుకు ఆనించాడు.

"ఎందుకు పాడవు?"

"బడిలో టీచరమ్మ నా గొంతు విని, నువ్వు నోరు మూసుకో నాయనా, అదే దేశసేవ అంది, అంకుల్."

"సాకులు," అన్నాడు బెంచీ మీద పేపరు చదివే పెద్దాయన.

నాన్న కత్తి తీశాడు. "ఏదీ, పాడు."

పాడాడు. రేకు డబ్బాను రోడ్డు మీద ఈడ్చినట్టుంది. కానీ జాతీయగీతమాయె. పెద్దాయన పేపరు పక్కన పెట్టి లేచాడు. పక్క కుర్చీలో సగం గడ్డం గీయించుకున్నాయన లేచాడు. నాన్న కత్తి పట్టుకునే బిగుసుకుపోయాడు. మొదటి చరణం అయింది, హమ్మయ్య అని అందరూ కూర్చోబోతే గోడ రెండోది ఎత్తుకున్నాడు. తర్వాత మూడోది. మూడో చరణమనేది ఒకటుందని అక్కడెవరికీ తెలీదు. కళ్లు మూసుకుని, నురగ మూతితో, ఒక్క మాట తప్పకుండా పాడుతున్నాడు.

చెవులు మూసుకున్న ఆమె చేతులు ఎప్పుడు కిందికి దిగాయో ఆమెకే తెలీదు.

పాట అయ్యాక కాసేపు ఎవరూ కూర్చోలేదు. నాన్న చెమట తుడుచుకున్నాడు.

"ఇక మైదానంలో నోరు తెరవకు బాబూ. ఎవరైనా అడిగితే నా దగ్గరికి పంపు, నేను చెప్తా."

మళ్లీ నురగ పూస్తూ కూతురి వైపు విసుగ్గా చూశాడు.

"నిలబడ్డావేం, వాళ్లమ్మానాన్నల్ని ఎప్పుడు రమ్మందామో అడుగు. పెళ్లిలో మాత్రం వీణ్ణి పాడనిచ్చావో, నేను రాను."