ఇచ్చేసిన చొక్కాలు

"ఆమెకు మొగుడి మీద ప్రేమే లేదు. ఉంటే దినాలు కాకముందే ఆయన చొక్కాలన్నీ పంచిపెడుతదా?" అన్నాడు శశిధర్.

అది 2002, శ్రావణమాసపు ముసురు. బెంగళూరు కాటన్‌పేటలో వెంకటగిరియప్ప బట్టల కొట్టు మేడమీద నెలకోసారి తెలుగు పాఠకులు కూడేవారు. ఆ రోజు చర్చ ఒక పత్రికలో వచ్చిన, భర్త పోయిన ఒకామె కథ గురించి. మహబూబ్‌నగర్ నుంచి వచ్చి సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తున్న శశిధర్‌కు ఆ సమావేశం కొత్త. వాదన పాత అలవాటు.

"ప్రేమ లేక కాదు. వాటిని కండ్లతో చూసేకి చేతకాక ఇచ్చేసింది," అంది కిటికీ పక్కనున్న గీతాంజలి, వెంకటగిరియప్ప కూతురు.

"అట్లని కథల యాడుంది? లాజిక్ చెప్పండి మేడం!"

అందరూ నవ్వారు. ఆమె లేచి లోపలికి వెళ్లిపోయింది.

మెట్లు దిగుతున్న శశిధర్‌ను వెంకటగిరియప్ప ఆపాడు. "పోయినేడు హోసూరు రోడ్డులో లారీ గుద్ది మా అల్లుడు పోయినాడప్పా. మూడో దినమే వాని బట్టలన్నీ ఇచ్చేసె మా పాప. అందరూ నీ మాదిరే అనిరి."

శశిధర్ గొడుగు విప్పడం కూడా మరచి వానలో నడిచాడు.

మర్నాడు కొట్టుకు వచ్చాడు. "సారీ అండీ. మీరు చెప్పిందే కరెక్ట్."

"నిన్న తప్పు, ఈ పొద్దు కరెక్టా? కథేమన్నా మారెనా?" ఆమె చీర మడతపెడుతూనే ఉంది. "జాలిపడి అర్థం మార్చుకోవద్దు. నేనేమన్నా ఇంట్లో అందరూ 'సరేమ్మా' అంటా ఉండారు. నాతో కొట్లాడింది మీరొకరే."

అతను మళ్లీ వచ్చాడు, కొట్లాడటానికే. నెలకోసారి రాక వారానికోసారి అయింది. ఏ కథ చదివినా ఆమెకు చావు కనిపించేది, అతనికి పెళ్లి.

"మీరు అందర్నీ చంపుతరు!"

"మీరు అందరికీ పెండ్లి చేస్తారు. మీకెప్పుడు?"

శశిధర్ నవ్వలేదు. "మీరు ఒప్పుకుంటే."

బయట వాన గట్టిపడింది. ఆమె అంది: "ఆయన్ని మర్చిపోయేకి నాతో కాదు."

"మర్చిపొమ్మని నేను అడుగుతలేను."

భర్త పోయినప్పుడు కూడా ఎవరి ముందూ ఏడవని గీతాంజలి, కొట్టు గల్లాపెట్టె మీద తల వాల్చి వెక్కివెక్కి ఏడ్చింది. శశిధర్‌కు ఏం చెయ్యాలో తెలియలేదు. పక్కనే నిలబడ్డాడు.

లోపలి గదిలోంచి వెంకటగిరియప్ప గొంతు వినిపించింది. "ఎవురమ్మా ఏడ్చేది?"

"నేనే నాయనా."

"ఆ పిల్లోడు ఉండాడా?"

ఆమె తలెత్తి చూసింది. "ఉండాడు."



"ఉండనీలే తల్లీ," అన్నాడు ముసలాయన.